అడిగితే చెప్పేది

మోతె,
1996 జనవరి 19.

నా బిడ్డ కన్న బిడ్డ జమ్లీకి, నీ నాని ద్వాళి చెప్పి రాయించే జాబు.

'ఇక్కడ అంతా క్షేమం' అని మొదలుపెట్టబోయాడు ఈ పోస్టుమాస్టరు వెంకటేశం. కొట్టేయమన్నాను. క్షేమంగా ఉంటే తండా నుంచి ఇంత దూరం నడిచొచ్చి ఈయన బల్ల ముందు ఎందుకు కూర్చుంటాను? చెప్పింది చెప్పినట్టు రాయమంటే పుస్తకాల తెలుగులోకి తిప్పి రాస్తున్నాడు. తిప్పుకోనీ. నా కోపం మాత్రం తగ్గించి రాయొద్దని గట్టిగా చెప్పాను.

మీ తాత హన్మా పోయినప్పటి నుంచి కాలువ కింది పొలం దున్నించేది నేను, నారు పోసేది నేను, కోసేది నేను. ఇప్పుడు మీ తాత అన్న కొడుకు కాశీరాం ఎమ్మార్వో ఆఫీసులో అర్జీ పెట్టాడు. ఆ పొలం సాగు చేసేది తానేనట. ముసలిదాన్ని దయతలచి సాకుతున్నాడట. ఎమ్మార్వో ఇద్దరినీ పిలిచి, వడ్లు ఎవరి పేరు మీద అమ్ముతున్నారో మిల్లు చీటీ తెమ్మన్నాడు. నాకు నవ్వొచ్చింది. సూర్యాపేటలో సీతారామయ్య సేటు మిల్లుకు వడ్లు వేయడం నాకు కొత్తా? సంచి తీసి పోయిన పంట చీటీ బల్ల మీద పెట్టాను. ఎమ్మార్వో చదివాడు. చీటీ మీద ఉన్న పేరు కాశీరాం!

నేరుగా మిల్లుకు పోయాను. గుమస్తా దశరథ ఇప్పుడు ఎర్ర పుస్తకంలో రాయడం లేదు. దీపావళికి కంప్యూటర్ వచ్చింది కదా, దాని ముందు కూర్చుని ఒక్కొక్క వేలితో పొడుస్తున్నాడు.

"ఏం రా దశరథా, నేను బతికుండంగ నా వడ్లకు గా కాశీరాం ఎట్ల యజమాని అయిండు?"

"అవ్వా, నేనేం జేయాలె? ఇండ్ల ఇంటి యజమాని పేరు అని ఒక గడి ఉంటది. హన్మా లేడంటివి. గడి ఖాళీ పెడితే ఇది కుయ్యిమంటది. కాశీరాం ట్రాక్టర్ మీద ఆన్నే ఉండె. నా పేరు రాయి అన్నడు, రాసిన."

"కుయ్యిమంటే అననీ. మా తండల కుక్క గూడ అంటది. నేను పొలం ఇడిసిపెడుతున్ననా?"

అందరూ నవ్వారు, పని మాత్రం కాలేదు. కంప్యూటర్ ఒప్పుకోదంటాడు. ఎర్ర పుస్తకంలో అయితే నా పేరు ఎవరి అనుమతీ అడగలేదు. నువ్వు మిర్యాలగూడలో ఆ పెట్టెల దగ్గరే పని చేస్తున్నావు కదా. ఆడదాని పేరు ఒప్పుకోని యంత్రం నిజంగా ఉంటుందా? ఎమ్మార్వో గడువిచ్చాడు. చీటీ మీద నా పేరు లేకపోతే పొలం పోతుంది. వెంటనే రాయి.

ఇది రాయిస్తుంటే కాశీరాం బయట అరుగు మీద కూర్చుని వింటున్నాడు. అందుకే ఇంకాస్త గట్టిగా చెబుతున్నాను.

నీ నాని
ద్వాళి
(వేలిముద్ర)


మిర్యాలగూడ,
1996 జనవరి 27.

నానీకి జమ్లీ దండాలు. చదివి వినిపించే వెంకటేశం గారికి నమస్కారాలు.

నీ జాబు చదివి నాకు కోపం వచ్చింది, తర్వాత కుక్క మాట గుర్తొచ్చి నవ్వు కూడా వచ్చింది. ఆడదాని పేరు ఒప్పుకోని యంత్రం ఉండదు నానీ. ఎలా ఒప్పించాలో దశరథకు తెలియదు, అంతే. తెలియనప్పుడు ఎవరిని అడగాలో కూడా ఆయనకు తెలియదు.

ఆ మీటల పలకలో పై వరుసలో ఎడమ దిక్కు ఎఫ్ ఒకటి అనే మీట ఉంటుంది. దాన్ని నొక్కితే వచ్చేదాన్ని హెల్ప్ అంటారు. ఇంగ్లీషులో ఆ మాటకు సాయం అని అర్థం. అలాగని ఎవరో లేచొచ్చి నీ పని చేసిపెట్టరు. ప్రోగ్రాం రాసినవాళ్లు, దాన్ని వాడే మనిషి ఎక్కడెక్కడ ఆగిపోతాడో ముందే ఊహించుకుని, ఆ చోట ఏం చేయాలో రాసి లోపల దాచిపెడతారు. ఏ గడి దగ్గర ఆగిపోయి నొక్కితే ఆ గడి గురించిన మాటే తెర మీదికి వస్తుంది. దాన్నే అచ్చు వేసి పుస్తకంగానూ ఇస్తారు. మిల్లుల్లో వాడే ప్రోగ్రాం అయితే తెలుగులోనే ఉంటుంది. చదివితే పోయేదేమీ లేదు. చదవడం అయ్యాక మళ్లీ పని దగ్గరికే తిరిగి రావచ్చు.

మా ఆఫీసులోనూ ఇలాంటి ప్రోగ్రాములు రాస్తారు కాబట్టి నాకు ఆ సంగతి తెలుసు. నువ్వు ఊ అంటే ఆదివారం వచ్చి దశరథకు నేనే చూపిస్తాను. చిటికెలో అయిపోతుంది.

నీ
జమ్లీ


మోతె,
1996 ఫిబ్రవరి 12.

జమ్లీకి,

నువ్వు రావొద్దు. ముందు ఆ మాట రాయమన్నాను, వెంకటేశం రాశాడు.

నువ్వొచ్చి నొక్కితే రేపు కాశీరాం ఏమంటాడు? 'దాని మనుమరాలే వచ్చి కంప్యూటర్ల పేరు మార్చింది సార్' అంటాడు. ఎమ్మార్వో తలాడిస్తాడు. నా పేరు పడొచ్చన్న మాట యంత్రమే చెప్పాలి, మిల్లువాళ్ల చేతే చెప్పించాలి, పదిమందీ వినాలి.

నీ హెల్ప్ సంగతి నాకు బాగానే అర్థమైంది. వెంకటేశానికే రెండోసారి చదవాల్సి వచ్చింది. మన తండాకు ఢాడీ వస్తాడు కదా, చేతిలో కింగ్రీ పట్టుకుని, దాని తీగ మీటుతూ వంశాల పాటలు పాడుకుంటూ. పిల్లకు సంబంధం చూసేటప్పుడు ఈ గోత్రానికీ ఆ గోత్రానికీ పొత్తు కుదురుతుందా అని అనుమానం వస్తే ఆయన్ని కూర్చోబెడతాం. ఏడు తరాల పేర్లు విప్పుతాడు. అడగనంతసేపూ మూలన కూర్చుని చుట్ట తాగుతాడు. వంశాలన్నీ ఆయన కడుపులోనే ఉంటాయి, పిలవనిదే ఒక్క పేరు బయటికి రాదు. నీ హెల్ప్ కూడా అలాంటిదే అన్నమాట. పెట్టెలో ఢాడీ కూర్చున్నాడు, వాణ్ణి అడిగే దిక్కు లేదు.

మిల్లుకు పోయి దశరథతో అన్నాను, "హెల్ప్ తియ్యి."

వాడి మొహం తెల్లబోయింది. "నీకెవలు జెప్పిన్రు అవ్వా?"

"ఎవలు జెప్తే ఏంది? పైన ఎడమ దిక్కు మీట. ఒత్తు."

ఒత్తడట! ఎందుకో తెలుసా? దీపావళి నాడు లక్ష్మీపూజలో కొత్త లెక్కల పుస్తకాలతో పాటు ఆ కంప్యూటర్‌నూ, దాంతో వచ్చిన పుస్తకాన్నీ పీట మీద పెట్టారు. సేటు భార్య లీలావతమ్మ ఒకటి అని రాసి ఉన్న మొదటి మీట అని దానికి గంధం పూసి బొట్టు పెట్టింది. పుస్తకాన్ని ఎర్ర పట్టుగుడ్డలో చుట్టి లక్ష్మీదేవి పటం పక్కన కట్టిపెట్టింది. వచ్చే దీపావళి దాకా ముడి విప్పకూడదట. బొట్టు చెరిగితే మిల్లుకు అరిష్టమట. దశరథ ఆ మీట వైపు వేలు కూడా పోనివ్వడు. పొరపాటున వేలు తగులుతుందని దాని చుట్టూ చిన్న అట్టముక్క అడ్డం పెట్టుకున్నాడు.

దారి చెప్పడానికి ఇచ్చిన పుస్తకాన్ని పూజ చేసి మూట కట్టినవాళ్లను నేను ఈ జన్మలో చూడలేదు. సేటుతో చెప్పబోతే, "ద్వాళీ, నీ మీద నాకు గౌరవమున్నది గని ఆచారం ఆచారమే" అన్నాడు. కాశీరాం ట్రాక్టర్ మీద కూర్చుని మీసం మెలేశాడు. చిన్నమ్మ వరస కలిపి, "కాకీ, పరేషాన్ గాకు. నీకు తిండికి లోటు జెయ్య" అన్నాడు. నా పొలం తిని నాకే తిండి పెడతాడట.

నేనింకా ఆలోచిస్తున్నాను. ఆలోచన తెగాక రాయిస్తాను.

ద్వాళి


మిర్యాలగూడ,
1996 ఫిబ్రవరి 20.

నానీకి దండాలు.

పట్టుగుడ్డ సంగతి మా ఆఫీసులో చెబితే అందరూ నవ్వారు. మా సత్యానందం గారు మాత్రం నవ్వలేదు. ఆయనది కోదాడ, ఈ ఆఫీసు ఆయనదే. "చూశావా జమ్లీ, నేను ముందు నుంచీ అదే చెబుతున్నాను. ఈ హెల్పు పేజీలు ఎవరూ తెరవరమ్మా. డిస్కులో చోటు దండగ. వచ్చేసారి తీసేద్దాం" అన్నారు. ఉంచితే కనీసం పేరైనా గంభీరంగా ఉండాలట, 'వినియోగదారుల కరదీపిక' అని పెడదామంటారు. నేను కాదన్నాను. ఆగిపోయిన మనిషికి కంగారుగా ఉంటుంది, అంత పెద్ద మాట చూస్తే ఇంకా కంగారు పడతాడు అన్నాను. అయితే తెలుగులో చిన్న మాట నువ్వే చెప్పు అన్నారు. నాకు తోచలేదు. 'సహాయం' అంటే మనవాళ్లు వరద సాయం అనుకుని ఎక్కడ సంతకం పెట్టాలని అడుగుతారు. హెల్ప్ అంటే దశరథలాంటివాళ్లకు కూడా భయమే.

నువ్వు కుట్టిచ్చిన అద్దాల సంచిలోనే రోజూ టిఫిన్ తెచ్చుకుంటున్నాను. ఆ కుట్టు చూసినప్పుడల్లా, చిన్నప్పుడు నా చేతికి సూది ఇచ్చి నువ్వు పెట్టిన తిట్లు గుర్తొస్తాయి.

సేటు గారితో గొడవ పడకు నానీ. ఇంకేదైనా దారి చూద్దాం.

జమ్లీ


మోతె,
1996 మార్చి 2.

జమ్లీ!

గొడవ పడొద్దన్నావు. పడలేదు. గెలిచాను.

నిన్న శుక్రవారం. తెల్లారి లేచి తలస్నానం చేసి, అద్దాల ఫేట్యా లంగా కట్టుకుని, పసుపు, కుంకుమ, కొబ్బరికాయ పళ్లెంలో పెట్టుకుని సూర్యాపేట బస్సు ఎక్కాను. బస్సులో అందరూ ఏ గుడికి అవ్వా అని అడిగారు. "మిల్లుకు" అన్నాను. తోవ పొడుగునా అదే మాట చెప్పుకుంటూ పోయాను, కొందరు చూద్దామని నా వెనకే దిగారు. మిల్లు ముందు వడ్ల బండ్లు బారులు తీరి ఉన్నాయి. లోపలికి పోలేదు. పక్కనే సేటు ఇల్లు. నేరుగా లీలావతమ్మ గడప ముందు నిలబడ్డాను.

"అమ్మా, నువ్వు బొట్టు పెట్టిన దేవతకు కాయ కొట్టనీకి వచ్చిన."

ఆమె బయటికొచ్చి నా పళ్లెం చూసింది. కాదనలేకపోయింది. శుక్రవారం పూట దేవతకని పసుపు కుంకుమలు తెచ్చిన ఆడదాన్ని, మొగుడు లేనిదైనా సరే, ఎవరు పొమ్మంటారు? ఇద్దరం కలిసి మిల్లులోకి నడిచాం. దశరథ లేచి నిలబడ్డాడు. కాయ కొట్టాను. హారతి ఇచ్చాను. సేటు చేతులు కట్టుకుని చూస్తున్నాడు. అప్పుడు అడిగాను.

"అమ్మా, నువ్వు గుడికి పోతవు గదా. బొట్టు పెడతవు, కాయ కొడతవు. నీ బాధ చెప్పుకోకుంటనే మర్లి వస్తవా?"

"అదెట్ల? చెప్పుకునేతందుకే గదా పోయేది."

"మరి దీన్ని కొలిసిన్రు. దీపావళి నుంచి ఒక్క మాటన్న అడిగిన్రా? ఇది చెప్తనని కూసున్నది. మీరు నోరు మూసి మొక్కుతున్నరు. ఇదేం మర్యాద?"

దశరథ గొణిగాడు, "అవ్వా, బొట్టు చెరుగుతది..."

"నువ్వు ఒత్తకు. నీ చెయ్యి బీడీల చెయ్యి. బొట్టు పెట్టిన చెయ్యే ఒత్తుతది. పెట్టినామెకు లేని అరిష్టం నీకెందుకు రా?"

లీలావతమ్మ సేటు వైపు చూసింది. సేటు పైకప్పు వైపు చూశాడు. ఆమె కొంగు నడుముకు దోపి, అట్టముక్క తీసేసి, నడిమి వేలితో మెత్తగా, పసిబిడ్డ బుగ్గ తాకినట్టు నొక్కింది.

దశరథ అప్పటికే తెర మీద యజమాని గడి దగ్గర ఆగి ఉన్నాడు. కుయ్యిమనలేదు. తెర నిండా తెలుగు అక్షరాలు వచ్చాయట. బయట బండ్లవాళ్లంతా కిటికీలకు ఎగబడ్డారు. "సదువు రా, గట్టిగ సదువు" అన్నాను. దశరథ చదివాడు. విన్నది విన్నట్టు నాకు గుర్తుంది, వెంకటేశం చేత రాయిస్తున్నాను:

'ధాన్యం ఎవరు తెస్తే వారి పేరే చీటీ మీద పడాలి. ఇంటి యజమాని వేరుగా ఉంటేనే ఈ గడి నింపండి. లేకపోతే ఖాళీగా వదలండి. అప్పుడు చిన్న కూత వినిపిస్తుంది. ఆ కూత వద్దనడం కాదు, నిజంగా ఖాళీయేనా అని అడగడం. మళ్లీ ఎంటర్ నొక్కితే సరిపోతుంది. ఇరుక్కుంటే గుంజకండి. ఆగి, వచ్చిన దారి చూసుకోండి.'

అక్కడ నేను ఒక్క నిమిషం మాట్లాడలేదు. ఎందుకో తర్వాత చెబుతాను.

దాని కింద, పాత చీటీలో పేరు తప్పు పడితే ఎలా దిద్దాలో కూడా ఉంది. దశరథ అది చదువుకుంటూ, చెమట తుడుచుకుంటూ, కాశీరాం పేరు తీసి నా పేరు కొట్టాడు. గడి ఖాళీ వదిలాడు. కుయ్యిమంది. అందరూ ఊపిరి బిగబట్టారు. మళ్లీ ఎంటర్ కొట్టాడు. పక్కనున్న యంత్రం కరకరమంటూ కాగితం కక్కింది. లీలావతమ్మ చింపి చదివింది: "ద్వాళి. సవరించిన చీటీ."

ఈలలు, కేకలు! మాదాపురం నుంచి వడ్లు తెచ్చిన బాలమ్మ జనాన్ని తోసుకుంటూ లోపలికొచ్చి, "నా చీటీ మీద నా మరిది పేరున్నది, నాది గూడ దియ్యి!" అంది. ఆమె వెనక ఇంకొకామె. సేటు తల పట్టుకుని, "కానీ రా దశరథా, అందరికీ తియ్యి" అన్నాడు. లీలావతమ్మ ఇంట్లోకి పోయి ఎర్ర పట్టుగుడ్డ ముడి విప్పి, పుస్తకం తెచ్చి దశరథ ఒళ్లో పడేసింది. "సదువుకో. వచ్చే దీపావళికి పూజల పెట్టేనాటికి దీని అట్టలు నలిగి ఉండాలె" అంది.

కాశీరాం ట్రాక్టర్ అప్పటికే లేదు.

ద్వాళి


మిర్యాలగూడ,
1996 మార్చి 9.

నానీ! ఆఫీసులో నీ జాబు నిలబడి గట్టిగా చదివాను. సత్యానందం గారు మధ్యలో ఆపి, 'మీట నొక్కింది' అన్న ముక్క మళ్లీ చదవమన్నారు. పేజీలు తీసేసే మాట మళ్లీ ఎత్తలేదు. ఎమ్మార్వో దగ్గర ఏమైందో తొందరగా రాయించు. కాశీరాం మామ ఊరుకోడు. నాకు అన్నం సహించడం లేదు.

జమ్లీ


మోతె,
1996 ఏప్రిల్ 9.

జమ్లీకి,

అన్నం తిను. పొలం నాదే.

ఎమ్మార్వో ముందు కాశీరాం అన్నాడు, "సార్, ఇది కంప్యూటర్ల చేసిన మోసం. దీని మనుమరాలు గా పనే చేస్తది."

ఎమ్మార్వో నావైపు తిరిగి, నీ మనుమరాలు మిల్లుకు వచ్చిందా అని అడిగాడు.

"పండుగకు గూడ రాలె సారూ. ఒత్తింది లీలావతమ్మ. సదివింది దశరథ. ఇన్నది బండ్లోళ్లంత. నాకు అక్షరం రాదు, నేను కాయ కొట్టిన. కాయ కొట్టుడు మోసమైతే రాసుకోండ్రి."

దశరథ కూడా వచ్చి సాక్ష్యం చెప్పాడు. ముందు చీటీలో పేరు తప్పు పడింది తన తెలియనితనం వల్లేనని, తల దించుకుని కాదు, ఎత్తి చెప్పాడు. బండ్లవాళ్లూ చెప్పారు. చీటీ మీద 'సవరించిన చీటీ' అని యంత్రమే దాచకుండా కొట్టడం ఎమ్మార్వోకు నచ్చింది. సాగు చేసేది ద్వాళి అని రాసి ముద్ర వేశాడు.

ఇప్పుడు ఆ రోజు నేను ఎందుకు మాట్లాడలేదో చెబుతాను. 'ఇరుక్కుంటే గుంజకండి. ఆగి, వచ్చిన దారి చూసుకోండి' అని దశరథ చదివాడు కదా. ఆ మాట నాది. పిడికెడంత ఉన్నప్పుడు నీ చేతికి సూదిచ్చి అద్దం కుట్టడం నేర్పితే, దారం చిక్కుపడ్డప్పుడల్లా నువ్వు ఏడ్చుకుంటూ గుంజేదానివి. అప్పుడు నీ చెయ్యి పట్టుకుని నేను తిట్టిన తిట్టు అది. లోకంలో ఇంకెవరికీ తెలియదు. ఆ పెట్టెలో ఉన్న ఢాడీ నువ్వేనని అక్కడే, ఆ క్షణమే తెలిసిపోయింది.

మిల్లంతా వినేట్టు, 'అది రాసింది నా బిడ్డ బిడ్డ' అని అరవాలనిపించింది. పళ్లు కరిచిపట్టుకుని ఊరుకున్నాను. అరిస్తే పొలం పోయేది. ముద్ర పడేదాకా వెంకటేశానికి కూడా చెప్పలేదు. ఇప్పుడు చెబితే కలం పక్కన పెట్టి కళ్లద్దాలు తుడుచుకుంటున్నాడు. రాయవయ్యా, ఆగకు.

ఎందుకు దాచావు? చెప్పు.

ద్వాళి


కోదాడ,
1996 మే 14.

నానీకి జమ్లీ దండాలు.

మొదట నేనే వచ్చి చూపించి నిన్ను ఆశ్చర్యపరుద్దామనుకున్నాను. నువ్వు రావొద్దన్నాక, నువ్వు ఎందుకు అరవలేదో నేనూ అందుకే దాచాను. చెప్పి ఉంటే నువ్వు ఆ మాట నోట్లో ఆపుకోగలవని అనుకోలేదు. నా అంచనా తప్పు!

ఆ ప్రోగ్రాం మా ఆఫీసుదే. అందులో హెల్ప్ పేజీలన్నీ నేనే రాశాను. రాసేటప్పుడు ఎవరికి చెబుతున్నట్టు రాయాలో మొదట తెలియలేదు. ఒక్కొక్క గడి దగ్గరా నిన్ను ఎదురుగా కూర్చోబెట్టుకుని, నువ్వు అడిగినట్టు, నేను చెప్పినట్టు రాశాను. తిట్టాల్సిన చోట మాత్రం నువ్వే చెప్పావు. ఆడవాళ్ల పేరుకు ఇబ్బంది రావొద్దనే యజమాని గడి ఖాళీగా వదిలే వీలు పట్టుబట్టి పెట్టించాను.

నిన్న ఇక్కడ మిల్లువాళ్లందరినీ పిలిచి కొత్త ప్రోగ్రాం చూపించాం. సీతారామయ్య గారు, లీలావతమ్మ గారు కూడా వచ్చారు. తెర కింద వరుసలో హెల్ప్ ఉండే చోట కొత్త తెలుగు మాట చూసి ఒకాయన లేచి, "ఇదేంటండీ, ఇంత మామూలు మాట పెట్టారు? కాస్త హుందాగా ఉండొద్దూ?" అన్నాడు. సత్యానందం గారు, "ఎవరైనా నొక్కాలంటే మామూలు మాటే కావాలండీ. మీరు కరదీపిక నొక్కుతారా?" అన్నారు. లీలావతమ్మ గారు వెనక నుంచి, "గది నేను ఒత్తిన మీటే" అని గొప్పగా చెప్పుకున్నారు.

ఆ మాట నీ జాబులోదే నానీ. అడగనంతసేపూ ఢాడీ మూలన కూర్చుంటాడు అన్నావు. ఇది చెప్తనని కూసున్నది, మీరే అడగలేదు అన్నావు. ఇప్పుడు అన్ని మిల్లుల్లోనూ ఆ మీట పేరు 'అడిగితే చెప్పేది'. పుస్తకం అట్ట మీదా అదే.

నీ
జమ్లీ


మోతె,
1996 జూన్ 21.

జమ్లీకి కార్డు. చోటు తక్కువ, వెంకటేశం సన్నగా రాస్తున్నాడు.

నాట్లకు దున్నించాను. నిన్న కాశీరాం వచ్చాడు. మిల్లులో వాడి చీటీ మీద పొరపాటున వాడి తమ్ముడి పేరు పడిందట. అరుగు మీద కూర్చుని, నేలకేసి చూస్తూ, "కాకీ, జర ఎట్ల దిద్దాల్నో చెప్పు" అన్నాడు.

నేను చేటలో వడ్లు చెరుగుతూ తల ఎత్తలేదు.

"నన్నెందుకు అడుగుతవ్ రా? మిల్లుకు పో. బొట్టు పెట్టిన మీట ఉంటది. అడిగితే చెప్తది."

ద్వాళి